మెడలో గొట్టం ఉన్నవాళ్లకు ముక్కు పని మనం చేయాలి

బయట 43 డిగ్రీల వడగాలి వీస్తున్నా, మాఘమాసపు తెల్లవారుజామున చలి కొరుకుతున్నా, ఊపిరితిత్తుల దాకా చేరేసరికి గాలి ఒకేలా ఉంటుంది: 37 డిగ్రీల వెచ్చదనం, నిండుగా తేమ. ఆ పనిలో పెద్ద భాగం ముక్కుదే. దుమ్మును పట్టేసేదీ అదే. ట్రాకియాస్టమీ చేసి, అంటే మెడ ముందు శ్వాసనాళానికి రంధ్రం చేసి గొట్టం పెట్టాక గాలి ఆ దారి వదిలేసి నేరుగా శ్వాసనాళంలోకి దిగుతుంది. పొడిగాలి తగిలిన కఫం చిక్కబడుతుంది, గొట్టం లోపలి గోడకు పొర మీద పొర అతుక్కుంటుంది, ఎండి పెచ్చు కడుతుంది. ఒక రాత్రివేళ ఆ పెచ్చు ఊడి గొట్టానికి అడ్డం పడితే ఊపిరి ఆగిపోతుంది.

పురుగుమందు తాగి వారాల తరబడి వెంటిలేటర్ మీద ఉన్నవాళ్లు, బైకు ప్రమాదంలో తలకు దెబ్బ తగిలినవాళ్లు, పక్షవాతం, గిలాన్ బారీ అనే నరాల జబ్బు, గొంతు క్యాన్సర్... మన ఆస్పత్రుల నుంచి గొట్టంతో ఇంటికి వెళ్లేవాళ్లలో చాలామంది వీళ్లే. డిశ్చార్జ్ రోజున ఇంట్లోవాళ్లు ముందుగా అడిగేది సక్షన్ మెషిన్ ఎక్కడ దొరుకుతుందని. మెషిన్ తప్పకుండా కావాలి. కానీ అది ఇప్పటికే చిక్కబడిన కఫాన్ని లాగే సాధనం. కఫం చిక్కబడకుండా చూసేది తేమ. తేమ సంగతి చూసుకుంటే సక్షన్ అవసరమే బాగా తగ్గుతుంది, ఈ విషయం డిశ్చార్జ్ కాగితంలో ఒక్క ముక్కయినా కనిపించదు.

ముందు మీ మనిషికి ఏ గొట్టం పెట్టారో తెలుసుకోండి. మెడకు ఆనుకుని ఉండే రెక్క మీద సైజు, కంపెనీ పేరు రాసి ఉంటాయి, ఫోటో తీసి ఉంచుకోండి. గొట్టం చుట్టూ లోపల బెలూన్ ఉన్నదా లేదా, లోపలి గొట్టం విడిగా బయటకు వస్తుందా రాదా, ఈ రెండూ అన్నిటికన్నా ముఖ్యం. ఐసీయూలో పెట్టే ప్లాస్టిక్ గొట్టాల్లో చాలావాటికి లోపలి గొట్టం ఉండదు. అది మూసుకుపోతే మొత్తం గొట్టాన్నే తీయాలి, ఆ పని అర్ధరాత్రి ఇంట్లో ఎవరు చేస్తారు? అందుకే ఇంటికి పంపేముందు రెండు పొరల గొట్టానికి మార్చమని డాక్టర్‌ని అడగండి. ప్లాస్టిక్‌లోనైనా, లోహపు జాక్సన్ గొట్టంలోనైనా లోపలిది మూసుకుపోతే ఒక్క తిప్పుతో బయటికి తీసేయొచ్చు, గాలి దారి తెరుచుకుంటుంది. జాక్సన్ గొట్టాల్లో లోపలిది బయటిదానికన్నా కొంచెం పొడవుగా ఉంటుంది, పెచ్చు కట్టినా దాని కొసకే కట్టాలని. ఆ రెండూ ఒక సెట్. వేరే సెట్‌లోని లోపలి గొట్టం దీనికి సరిగ్గా కూర్చోకపోవచ్చు, కడిగేటప్పుడు కలిపేయకండి. లోహపు గొట్టం ఉంటే ఎంఆర్ఐకి, మెడకు రేడియేషన్ ఇచ్చే ముందు తప్పకుండా చెప్పాలి.

తేమ ఇవ్వడానికి ఖరీదైన సామాను అక్కర్లేదు. నెబులైజర్‌లో 3 నుంచి 5 మిల్లీలీటర్ల నార్మల్ సెలైన్ పోసి, మెడ మీద పెట్టే ట్రాకియాస్టమీ మాస్కుతో రోజుకు మూడు నాలుగు సార్లు ఇవ్వాలి. కఫం చిక్కగా ఉన్న రోజుల్లో ఇంకా ఎక్కువసార్లు. ముఖానికి పెట్టే మాస్కుతో ఇస్తే అందులో చాలావరకు వృథా, మనిషి ఊపిరి పీలుస్తున్నది మెడలోంచి. మిగతా వేళల్లో హెచ్ఎంఈ అనే చిన్న ఫిల్టర్ గొట్టం మూతికి తగిలించవచ్చు. వదిలే ఊపిరిలోని తేమను పట్టి ఉంచి, పీల్చేటప్పుడు అది తిరిగి ఇస్తుంది. రోజుకొకటి మార్చాలి, కఫం పడి తడిస్తే అప్పటికప్పుడే మార్చాలి. దాన్ని కడిగి మళ్లీ వాడకూడదు, పెట్టి ఉంచి నెబులైజర్ ఇవ్వకూడదు. కఫం ధారగా వస్తున్నవాళ్లకు, రక్తం పడుతున్నవాళ్లకు అది పనికిరాదు, అదే ఊపిరికి అడ్డమవుతుంది.

హెచ్ఎంఈ కొనలేకపోతే రెండు పొరల గాజుగుడ్డను కాచి చల్లార్చిన నీళ్లలో తడిపి, నీళ్లు కారకుండా గట్టిగా పిండి, గొట్టాన్ని పట్టి ఉంచే మెడ నాడాకు పైనుంచి కట్టి గొట్టం ముందు తెరలా వేలాడనివ్వండి. వార్డుల్లో ఏళ్లుగా చేస్తున్నదే ఇది. ఆరగానే మళ్లీ తడపాలి. మే నెలలో రామగుండంలోనో నంద్యాలలోనో గంటలోపే ఆరిపోతుంది, అది గుర్తుంచుకోండి. ఏసీ గదిలోనూ గాలి పొడిగానే ఉంటుంది. కూలర్ ఉంటే దాని గాలి నేరుగా మెడకు తగలకుండా తిప్పండి. గుండె, కిడ్నీ జబ్బులు లేకపోతే నీళ్లు బాగా తాగించండి, ట్యూబు ద్వారా ఆహారం ఇచ్చేవాళ్లకయినా సరే. మూత్రం ముదురు పసుపులో ఉందంటే కఫం కూడా చిక్కబడుతోందనే లెక్క. ఆ గదిలో అగరుబత్తి, దోమల చక్రం, సాంబ్రాణి పొగ, టాల్కమ్ పౌడరు వద్దు. వడపోసే ముక్కు లేదు, అవన్నీ తిన్నగా లోపలికే పోతాయి.

లోపలి గొట్టాన్ని ఉదయం, మధ్యాహ్నం, రాత్రి పడుకోబోయే ముందు తప్పకుండా తీసి చూడాలి. ఆస్పత్రి నుంచి వచ్చిన కొత్తలో, కఫం ఎక్కువున్నప్పుడు ప్రతి నాలుగు గంటలకూ చూడాలి. శుభ్రంగా కనిపించినా సరే తీసి వెలుతురుకు అడ్డంగా పట్టి చూడండి. ఒక చేత్తో రెక్కను కదలకుండా పట్టుకుని, ఇంకో చేత్తో లోపలిదాన్ని తాళం విప్పినట్టు తిప్పి, గొట్టం వంపు ప్రకారం కిందికి లాగాలి. వెంటనే రెండో శుభ్రమైన లోపలి గొట్టం పెట్టేసి, తీసినదాన్ని తీరిగ్గా కడుక్కోవచ్చు. ప్లాస్టిక్‌దాన్ని కాచి చల్లార్చిన నీళ్లలో సన్నటి బ్రష్‌తో తోమి, కడిగి, దులిపి ఆరబెట్టాలి. మరిగించకూడదు, ఆకారం మారిపోతుంది. వాడి పారేసే రకమైతే కడగనే కూడదు. లోహపుదానికి ఎండిన కఫం పట్టుకుంటే తినే సోడా కలిపిన నీళ్లలో కాసేపు నానబెడితే వదులుతుంది, కడిగాక నీళ్లలో మరిగించవచ్చు. దూదిని మాత్రం గొట్టం దరిదాపులకు రానివ్వకండి. గాజుగుడ్డను కత్తిరించి గొట్టం కింద పెట్టడం కూడా తప్పే, కత్తిరించిన అంచు నుంచి పోగులు ఊడి లోపలికి పోతాయి. మడిచి పెట్టండి, లేదా చీలికతోనే వచ్చే డ్రెస్సింగ్ కొనండి.

ఇక సక్షన్. గంట చూసుకుని చేసే పని కాదిది. గురగుర చప్పుడు వినిపిస్తే, కఫం మూతి దగ్గర కనిపిస్తే, మనిషి ఊపిరికి కష్టపడుతుంటే, ఆక్సిమీటర్‌లో అంకె పడిపోతుంటే చేయాలి. దగ్గి బయటికి తోసేయగలిగినవాళ్లకు తుడిస్తే చాలు. కఫం లాగే పైపు సైజుకు ఒక లెక్క ఉంది: గొట్టం లోపలి వ్యాసం మిల్లీమీటర్లలో ఎంతో అందులోంచి 2 తీసేసి, వచ్చినదాన్ని 2తో గుణించాలి. 8 నంబరు గొట్టమైతే 12 ఫ్రెంచ్ (పైపు లావుకు వాడే కొలత), 7 అయితే 10. పైపు చివర రంగు చూసి గుర్తుపట్టవచ్చు, 10కి నలుపు, 12కి తెలుపు, 14కి ఆకుపచ్చ. కొన్ని కంపెనీల సైజు నంబరు, లోపలి వ్యాసం ఒకటి కావు, రెక్క మీద ఐ.డి. అని ఉన్న అంకెనే లెక్కకు తీసుకోవాలి. లావు పైపు పెడితే కఫం త్వరగా వస్తుందనుకుంటారు. నిజానికి అది గొట్టాన్ని నింపేసి కఫంతోపాటు ఊపిరితిత్తుల్లోని గాలినీ లాగేస్తుంది.

మెషిన్ ఆన్ చేసి, పైపును వేలితో మూసినప్పుడు మీటరు పెద్దవాళ్లకు 80 నుంచి 120 మిల్లీమీటర్ల మధ్య చూపించేలా మర తిప్పి పెట్టుకోండి. 150 దాటకూడదు. మన బజారులో దొరికే మెషిన్ల మీటరు 760 దాకా ఉంటుంది, మర పూర్తిగా తిప్పేసి వాడితే శ్వాసనాళం పొర ఊడి రక్తం వస్తుంది. ఎంత లోపలికి పెట్టాలో ముందే కొలిచి ఉంచుకోవాలి. మీ దగ్గరున్న అదనపు గొట్టంలో, అదే సైజుదానిలో, పైపు దూర్చి కొస అర సెంటీమీటరు బయటికి రాగానే బయట మూతి దగ్గర గుర్తు పెట్టండి. ఆ గుర్తు దాటి లోపలికి పోకూడదు. అడ్డం తగిలేదాకా తోస్తే తగిలేది శ్వాసనాళం రెండు పాయలయ్యే చోటు, రోజూ అక్కడే పొడిస్తే పుండు పడుతుంది.

చేతులు సబ్బుతో కడుక్కుని గ్లవుజు వేసుకోండి. ఆక్సిజన్ మీద ఉన్నవాళ్లకు డాక్టర్ చెప్పిన మేరకు అర నిమిషం ముందు పెంచండి. పైపు లోపలికి పోయేటప్పుడు లాగుడు ఉండకూడదు, పైపు మీద బొటనవేలితో మూసే రంధ్రాన్ని తెరిచే ఉంచాలి. బయటికి తీస్తున్నప్పుడు మాత్రమే మూయాలి. లోపలికి పెట్టి బయటికి తీసేదాకా 10 సెకన్లు, ఎంత ఆలస్యమైనా 15 దాటకూడదు. పేషెంట్ ఊపిరి మన చేతిలో ఉన్న సమయమది, మీ ఊపిరి కూడా బిగబట్టి చేయండి, ఎంతసేపైందో మీకే తెలుస్తుంది. మళ్లీ పెట్టేముందు అర నిమిషమైనా తెరిపి ఇవ్వాలి, ఒక విడతలో మూడుసార్లకు మించొద్దు. నోరు, ముక్కు లాగిన పైపు మళ్లీ గొట్టంలోకి వెళ్లకూడదు. ప్రతిసారీ సెలైన్ చుక్కలు గొట్టంలో పోసి లాగే అలవాటు చాలాచోట్ల ఉంది. దాంతో కఫం పలచబడదు, మురికి ఇంకా లోతుకు పోతుంది. తేమ రోజంతా అందాలి, అప్పటికప్పుడు పోస్తే అందదు. కరెంటు పోతే ఏం చేస్తారో ముందే చూసుకోండి: బ్యాటరీ ఉన్న మెషిన్, లేదా కాలితో తొక్కే సక్షన్ పంపు ఇంట్లో ఉండాలి.

బెలూన్ ఉన్న గొట్టమైతే దాని పీడనం 20 నుంచి 30 సెంటీమీటర్ల నీటి మట్టం మధ్య ఉండాలి. అంతకన్నా తగ్గితే పైనున్న ఉమ్ము పక్కనుంచి ఊపిరితిత్తుల్లోకి జారుతుంది. పెరిగితే శ్వాసనాళపు గోడకు రక్తం అందక అక్కడ పుండు పడుతుంది, తర్వాత మచ్చ కట్టి దారి ఇరుకవుతుంది. బయట వేలాడే చిన్న బుడగను వేళ్లతో నొక్కి సరిపోయిందనుకోవడం నమ్మదగ్గది కాదు, నొక్కి చూసినవాళ్లు ఎక్కువసార్లు పీడనాన్ని తక్కువగానే అంచనా వేస్తారు. దానికి మీటరు ఉంది, ఆస్పత్రికి వెళ్లినప్పుడల్లా చూపించండి. వెంటిలేటర్ అవసరం లేదు, ఉమ్ము మింగగలుగుతున్నారు అంటే బెలూన్ లేని గొట్టానికి మార్చడమే మంచిది. ఆహారం పోసే గట్టి రైల్స్ ట్యూబు ముక్కులోంచి వేసి ఉండి, ముందు బెలూన్ కూడా బిగుతుగా ఉంటే, రెండిటి నడుమ శ్వాసనాళం వెనక గోడ నలిగి అన్నవాహికకు రంధ్రం పడొచ్చు. సక్షన్‌లో పాలు, జావ కనిపిస్తే, తాగించిన వెంటనే దగ్గు వస్తుంటే, పొట్ట గాలితో ఉబ్బుతుంటే నోటిద్వారా ఇవ్వడం ఆపి డాక్టర్‌కి చూపించాలి.

మాట రావడానికి గొట్టం మూతికి పెట్టే వాల్వు గురించి ఒకే హెచ్చరిక, కానీ ఎన్నిసార్లు చెప్పినా తక్కువే: బెలూన్‌లో గాలి ఉండగా వాల్వు గానీ మూత గానీ పెట్టకూడదు. వాల్వు ఊపిరిని లోపలికి రానిస్తుంది, బయటికి వదలదు. బెలూన్ పక్కదారీ మూసేస్తుంది. మనిషి నిమిషాల్లో ఉక్కిరిబిక్కిరవుతాడు. మూత పెడితే లోపలికీ గాలి అందదు. ముందు నోరు, గొంతు సక్షన్ చేసి, సిరంజితో బెలూన్ గాలి పూర్తిగా లాగేసి, ఆ తర్వాతే పెట్టాలి. పడుకునేముందు వాల్వు తీసేయాలి. ఇంకో అపోహ, బెలూన్ నిండుగా ఉంటే అన్నం పెట్టినా ఊపిరితిత్తుల్లోకి పోదని. ఉమ్మును కొంతవరకు ఆపుతుందే గాని అది మింగుడు సామర్థ్యాన్ని తెచ్చిపెట్టదు. మింగుడు పరీక్ష చేయించాకే నోటికి పెట్టండి, ట్యూబు ఆహారమైనా తలగడ ఎత్తి కూర్చోబెట్టే ఇవ్వండి.

మెడ నాడా మార్చడం ఇద్దరు కలిసి చేసే పని. ఒకరు రెక్కను మెడకు ఆనించి పట్టుకునే ఉండాలి, రెండోవాళ్లు మార్చాలి. ఒంటరిగా చేయక తప్పకపోతే కొత్త నాడా కట్టాకే పాతది కత్తిరించండి. తల ముందుకు వంచినప్పుడు నాడాకూ మెడకూ మధ్య ఒక వేలు దూరాలి. మరీ వదులుగా ఉంటే దగ్గులో గొట్టం ఊడొచ్చు. ముడి మెడ పక్కన ఉండాలి, వెనక ఉంటే పడుకున్నప్పుడు ఒరుసుకుని పుండు పడుతుంది. రంధ్రం చుట్టూ చర్మాన్ని సెలైన్‌తో తుడిచి ఆరబెట్టడమే అసలు వైద్యం. పౌడర్లు, పసుపు, ఆయింట్‌మెంట్లు రాయొద్దు. కఫం కల్చర్ పరీక్షలో సూడోమోనాస్ అనే బాక్టీరియా వచ్చిందని భయపడి యాంటీబయాటిక్ కోర్సులు వేయించేవాళ్లను చూస్తే బాధేస్తుంది. గొట్టం ఉన్నవాళ్లలో బాక్టీరియా కాపురం ఉండటం మామూలే. జ్వరం, కఫం రంగు మారి ఎక్కువవడం, ఆక్సిజన్ తగ్గడం ఉంటేనే అది ఇన్ఫెక్షన్ కింద లెక్క. అవసరం లేకుండా మందు వాడితే తర్వాత నిజంగా కావాల్సినప్పుడు అది పనిచేయదు.

రక్తం కనిపిస్తే ఎంత, ఎప్పుడు అన్నది చూడాలి. సక్షన్ చేసినప్పుడు సన్నటి చారలా వస్తే ఎక్కువగా పైపు గీసుకున్నదే. లోతు, పీడనం సరిచూసుకుని తేమ పెంచండి. ఆపరేషన్ అయిన రెండు రోజుల తర్వాత తాజా రక్తం 10 మిల్లీలీటర్లు, అంటే రెండు టీ చెంచాలకు మించి వచ్చిందంటే, అది ఆగిపోయినా సరే ఆ పూటే ఆస్పత్రికి వెళ్లాలి. శ్వాసనాళం ముందు నుంచి పోయే పెద్ద ధమనిని గొట్టం కొస గానీ బెలూన్ గానీ ఒరుసుకుని చిల్లు పెట్టే ప్రమాదం ముఖ్యంగా మొదటి నెలలో ఉంటుంది, అసలు రక్తస్రావానికి ముందు ఇలాంటి చిన్న హెచ్చరిక చాలామందిలో వస్తుంది. గుండె కొట్టుకున్నప్పుడల్లా గొట్టం దానితోపాటు ఎగురుతున్నట్టు కనిపించినా చెప్పాలి. ధారగా వస్తే 108కి ఫోన్ చేసి, బెలూన్ ఉంటే సిరంజితో ఇంకా గాలి ఎక్కించి ఉంచండి. ఆ ఒక్క సందర్భంలో పీడనం లెక్క చూడక్కర్లేదు.

మంచం పక్కన ఒక డబ్బా ఎప్పుడూ సిద్ధంగా ఉండాలి, పేషెంట్ స్కాన్‌కి వెళ్లినా గుడికి వెళ్లినా అది వెంట వెళ్లాలి. అందులో అదే సైజు కొత్త గొట్టం, ఒక సైజు చిన్నది ఇంకొకటి, లోపలికి నడిపించే గుండ్రటి కొస కడ్డీ, నాడా, కత్తెర, 10 మిల్లీలీటర్ల సిరంజి, జెల్లీ, సక్షన్ పైపులు, చేత్తో నొక్కి ఊపిరి అందించే అంబు బ్యాగ్, టార్చిలైటు.

ఊపిరి ఆడటం లేదని అనిపిస్తే ఒకరు 108కి ఫోన్ చేస్తుండగా ఇంకొకరు గొట్టం మూతికి ఏది తగిలించి ఉన్నా ముందు పీకేయాలి: వాల్వు, మూత, హెచ్ఎంఈ, తడిగుడ్డ. ఆ వెంటనే లోపలి గొట్టం తీసేయాలి. చాలాసార్లు ఇంతటితోనే ఊపిరి తిరిగి వస్తుంది. కొన్ని గొట్టాల్లో అంబు బ్యాగ్ తగిలే కొస లోపలిదానికే ఉంటుంది, అలాంటివాటికి శుభ్రమైన రెండోది వెంటనే పెట్టండి. తర్వాత సక్షన్ పైపు దూర్చి చూడండి. నున్నగా పోతే దారి తెరిచే ఉంది, లాగండి. పోకపోతే బెలూన్ గాలి తీసేయండి, పక్కనుంచి కొంత ఊపిరి ఆడొచ్చు. అయినా ఆడకపోతే మూసుకుపోయిన గొట్టాన్ని తీసేయడమే సరి. దాన్ని అలాగే ఉంచి కాపాడేది ఏమీ లేదు, ఈ మాట భయపడి వెనకాడేవాళ్ల కోసం గట్టిగా చెబుతున్నాం. భుజాల కింద తువ్వాలు మడత పెట్టి మెడ వెనక్కి వాల్చి, కడ్డీ ఉన్న కొత్త గొట్టాన్ని జెల్లీ రాసి వంపు ప్రకారం లోపలికి పెట్టాలి, పోగానే కడ్డీ లాగేయాలి. చేయి అడ్డం పెడితే గాలి తగలాలి. పోకపోతే చిన్న సైజు. అదీ పోకపోతే బలవంతం చేయకుండా ఆక్సిజన్ ముఖానికీ, మెడ రంధ్రానికీ రెండింటికీ పెట్టి అంబులెన్స్ కోసం చూడండి.

ఇదంతా దారి గట్టిపడిన పాత రంధ్రాల సంగతి. ఆపరేషన్ చేసిన మొదటి వారం పది రోజుల్లో ఊడితే కథ వేరు. ముఖ్యంగా 1985లో చాగ్లియా అనే సర్జన్ మొదలుపెట్టిన పద్ధతిలో, అంటే చర్మానికి పెద్ద కోత లేకుండా సూది, తీగతో సాగదీసి పెట్టిన రంధ్రాల్లో, కండ వెంటనే దగ్గరికి ముడుచుకుంటుంది. గుడ్డిగా తోస్తే గొట్టం శ్వాసనాళం పక్కన కండలోకి పోయి గాలి చర్మం కింద నిండుతుంది. అందుకే మొదటి గొట్టం మార్పు ఆస్పత్రిలోనే జరగాలి.

స్వరపేటిక మొత్తం తీసేసినవాళ్ల విషయం విడిగా చెప్పాలి. వాళ్లకు నోటికీ ఊపిరితిత్తులకూ సంబంధమే లేదు. ముఖానికి ఆక్సిజన్ పెట్టినా, నోట్లో ఊదినా చుక్క గాలి అందదు. బయటికి చూస్తే ఇద్దరి మెడలో రంధ్రం ఒకేలా కనిపిస్తుంది, కొత్తగా వచ్చిన అంబులెన్స్ సిబ్బందికి తేడా తెలియదు. "మెడతోనే ఊపిరి" అని పెద్ద అక్షరాల్లో రాసి మంచం తలవైపు అంటించండి, జేబులోనూ ఒక చీటీ ఉంచండి.

గొట్టం తీసేశాక రంధ్రం మామూలుగా ఒకటి రెండు వారాల్లో మూసుకుంటుంది. అప్పటిదాకా డ్రెస్సింగ్‌ను గాలి బయటికి పోకుండా అతికించాలి, దగ్గేటప్పుడు, మాట్లాడేటప్పుడు దాని మీద వేళ్లతో అదిమి పట్టుకోవాలి. నెలలు గడిచాక మెట్లెక్కితే ఆయాసం, ఊపిరి పీలుస్తుంటే ఈల చప్పుడు వస్తే దాన్ని ఉబ్బసం అనుకుని ఇన్‌హేలర్లు మార్చుకుంటూ కూర్చోకండి. బెలూన్ ఒరుసుకున్న చోటో, రంధ్రం ఉన్న చోటో మచ్చ కట్టి శ్వాసనాళం ఇరుకైపోయి ఉండవచ్చు, అది సగం దాకా మూసుకుపోయేవరకు పైకి తెలియదు. ఏ డాక్టర్ దగ్గరికి వెళ్లినా మొదటి మాటగా "ఇదివరకు వెంటిలేటర్ మీద ఉన్నారు, మెడలో గొట్టం పెట్టారు" అని చెప్పి, ఈఎన్‌టీ దగ్గర లోపలికి స్కోపీ వేసి చూడమని అడగండి.